మాటను బట్టే ఆలోచన ఉంటుందా? భాష చూపించేదీ, సైన్స్ సరిచూసేదీ

మనిషి ఏ భాష మాట్లాడితే ఆ భాష గీసిన గీతల్లోనే ఆలోచిస్తాడని ఈ మధ్య తరచూ వింటున్నాం. మాతృభాష గురించి మాట్లాడేవాళ్ళు ఒక అర్థంలో అంటారు, ఇంగ్లీషే కావాలనేవాళ్ళు మరో అర్థంలో అంటారు. ఎస్కిమోలకు మంచుకు వంద పదాలున్నాయన్న ఉదాహరణ కూడా ఎవరో ఒకరు తప్పకుండా తెస్తారు. దీనికి ఎదురు వాదం ఇంకోటి ఉంది: సైన్స్‌కు భాషతో పనిలేదు, రెండు రెళ్ళు ఏ భాషలో చెప్పినా నాలుగే.

రెండిట్లోనూ కొంత నిజం ఉంది, రెండిటినీ అతిగా సాగదీశారు. చెన్నైలో ఉన్న తెలుగువాళ్ళకు ఇది పుస్తకాల్లో మాత్రమే ఉండే చర్చ కాదు. ఇంట్లో తెలుగు, కూరగాయల బండి దగ్గర తమిళం, ఆఫీసులో ఇంగ్లీషు మాట్లాడుతూ రోజుకు చాలాసార్లు భాష మారుస్తాం. భాష మారినప్పుడు ఆలోచనలో ఏం మారుతుంది, ఏం మారదు అని గమనించుకునే వీలు మనకు బాగా ఉంది.

బలమైన వాదం, బలహీన వాదం

అమెరికాలో ఎడ్వర్డ్ సపీర్ అనే భాషాశాస్త్రవేత్త, ఆయన దగ్గర చదువుకున్న బెంజమిన్ లీ వోర్ఫ్ గత శతాబ్దం మొదటి సగంలో ఈ చర్చకు ఊపునిచ్చారు. వాళ్ళ పేరుతో నడుస్తున్నవి నిజానికి రెండు వాదాలు. భాషలో లేనిదాన్ని మనిషి అసలు ఆలోచించలేడన్నది బలమైన వాదం. భాష కొన్ని సంగతుల మీదికి మన చూపును అలవాటుగా మళ్ళిస్తుంది, అంతకు మించి కట్టిపడేయదన్నది బలహీన వాదం. జనం వాదించుకునేటప్పుడు ఒకరు మొదటిదాన్ని ఖండిస్తుంటారు, ఇంకొకరు రెండోదాన్ని సమర్థిస్తుంటారు. అందుకే వాదన తెగదు.

వోర్ఫ్ జీతం తీసుకున్నది అగ్నిప్రమాద బీమా కంపెనీలో. పెట్రోలు నిండిన డ్రమ్ముల దగ్గర పనివాళ్ళు జాగ్రత్తగా ఉండడం, 'ఖాళీ' డ్రమ్ముల దగ్గర మాత్రం ధైర్యంగా సిగరెట్ కాల్చడం ఆయన గమనించాడు. ఖాళీ డ్రమ్ములో పెట్రోలు ఆవిరి ఉంటుంది, మంటకు అదే ఎక్కువ ప్రమాదం. ఖాళీ అన్న మాట వినగానే ప్రమాదం లేదన్న భావన కలిగిందని ఆయన వివరణ. పరిశీలన బాగుంది. కానీ పనివాళ్ళకు ఆవిరి సంగతే తెలియకపోయి ఉండొచ్చు కదా? అలాంటప్పుడు తప్పు మాటది కాదు, తెలియకపోవడానిది. ఈ తరహా ఉదాహరణలన్నిటికీ ఇదే చిక్కు.

అమెరికా ఆదివాసులైన హోపీల భాషలో కాలాన్ని చెప్పే మాటలే లేవన్న వోర్ఫ్ వాదన ఇంకా ఘోరంగా దెబ్బతింది. ఎక్కెహార్ట్ మలోట్కి 1983లో ప్రచురించిన పరిశోధనలో హోపీలో కాలానికి ఉన్న మాటల్ని, వ్యాకరణ రూపాల్ని కుప్పలుగా చూపించాడు. మంచు లెక్క సంగతీ అంతే. 1911లో మానవశాస్త్రవేత్త ఫ్రాంజ్ బోయాస్ తన పుస్తకంలో ప్రస్తావించినవి నాలుగు పదాలు. తర్వాత రాసినవాళ్ళు అసలు పుస్తకం చూడకుండా ఆ అంకెను పెంచుకుంటూ పోయారని లారా మార్టిన్ 1986లో జాడ తీసి చూపింది. వానను జల్లు, తుంపర, ముసురు, జడివాన అని వేరువేరుగా చెప్పుకునే మనకు ఇందులో వింత ఏముంది?

బల్ల మీద మూడు బొమ్మలు: తమిళనాడులో చేసిన పరీక్ష

బలహీన వాదానికి గట్టి ఆధారాలు దిక్కుల విషయంలో దొరికాయి. ఆస్ట్రేలియాలోని గూగు యిమిథిర్ భాష మాట్లాడేవాళ్ళు కుడి, ఎడమ అనకుండా తూర్పు, పడమర అనే చెబుతారని చాలామంది చదివే ఉంటారు. అంత దూరం వెళ్ళక్కర్లేదు. ఎరిక్ పెడర్సన్ 1990లలో తమిళనాడులోనే ఇలాంటి పరిశోధన చేశాడు.

పరీక్ష ఇలా ఉంటుంది. ఒక బల్ల మీద మూడు జంతువుల బొమ్మల్ని వరసగా, అన్నీ ఒకే వైపు చూసేలా పెడతారు. మీరు ఉత్తరం వైపు తిరిగి నిలబడ్డారు, బొమ్మలు మీ కుడివైపుకు చూస్తున్నాయి అనుకోండి. అంటే తూర్పుకు. ఆ వరసను గుర్తుపెట్టుకోమంటారు. తర్వాత మిమ్మల్ని వెనక్కి తిప్పి, ఎదురుగా ఉన్న ఇంకో బల్ల మీద అదే వరస పెట్టమంటారు. ఇప్పుడు మీ ముఖం దక్షిణానికి ఉంది. బొమ్మల్ని మళ్ళీ కుడివైపుకు చూసేలా పెడితే అవి పడమర వైపు చూస్తాయి. తూర్పుకే చూసేలా పెడితే ఈసారి అవి మీకు ఎడమ వైపు తిరిగి ఉంటాయి. రెండూ తప్పు కాదు. 'అదే' అంటే మీ ఒంటిని బట్టా, నేలను బట్టా అన్నదే తేడా.

పల్లెల్లో, మాటల్లో దిక్కులు ఎక్కువగా వాడే తమిళులు దిక్కును నిలబెట్టే వైపు మొగ్గారు. పట్నంలో కుడి ఎడమలు వాడేవాళ్ళు కుడి ఎడమల్నే నిలబెట్టారు. పరీక్షలో ఎవరూ నోరు విప్పక్కర్లేదు, అయినా మాట్లాడే అలవాటు చేతుల్లో కనబడింది. మన పల్లెల్లోనూ 'ఆ మంచం కాస్త తూర్పుకు జరుపు' అనే పెద్దవాళ్ళున్నారు. వాళ్ళ పిల్లలే చెన్నైలో ఆటో అతనికి లెఫ్ట్, రైట్ అని చెబుతుంటారు.

ఇక్కడ ఒక చిక్కుంది, నాకు అన్నిటికంటే ముఖ్యంగా తోచేదీ అదే. రెండు గుంపులూ మాట్లాడేది ఒకే తమిళం. రెండు రకాల మాటలూ ఆ భాషలో ఉన్నాయి. మరి తేడా తెచ్చింది భాషా, లేక పొలాల మధ్య బతకడమా? పెగ్గీ లీ, లీలా గ్లైట్‌మన్ 2002లో అమెరికా విద్యార్థుల మీద ఇలాంటి పరీక్షే చేసి, చుట్టూ కనబడే గుర్తుల్ని మారిస్తే ఇంగ్లీషువాళ్ళ జవాబులూ మారతాయని వాదించారు. మైలాపూరులో ఎక్కడ నిలబడినా సముద్రం తూర్పునే ఉంటుంది. అలాంటి చోట దిక్కు తెలియడానికి వ్యాకరణం అక్కర్లేదు. వాళ్ళ పరీక్ష తీరులో లోపాలున్నాయని దిక్కుల పరిశోధకులు తిరిగి జవాబిచ్చారు. ఈ తగాదా ఇంకా పూర్తిగా తీరలేదు. భాషా అలవాటు, పరిసరాలు ఒకదాన్నొకటి పెంచుతాయన్నదే ఇప్పటికి సబబైన మాట అని నా అభిప్రాయం.

'ముందు' అంటే గడిచిందా, రాబోయేదా?

బుధవారం మీటింగ్‌ను రెండు రోజులు ముందుకు జరిపారని మెసేజ్ వచ్చింది. మీటింగ్ సోమవారమా, శుక్రవారమా? మీ టీమ్‌లో అడిగి చూడండి, రెండు జవాబులూ వస్తాయి. ఇంగ్లీషులో ఇలాంటి ప్రశ్ననే లెరా బొరోడిట్‌స్కీ, మైకేల్ రామ్‌స్కార్ శాన్‌ఫ్రాన్సిస్కో విమానాశ్రయంలో అడిగి 2002లో ఫలితాలు ప్రచురించారు. ఎవరికోసమో ఎదురుచూస్తూ నిలబడ్డవాళ్ళ కంటే, అప్పుడే విమానం దిగినవాళ్ళు శుక్రవారం అని ఎక్కువగా చెప్పారు. ప్రయాణం చేసి వచ్చిన మనిషి, కాలంలోనూ తానే ముందుకు నడుస్తున్నట్టు ఊహించుకుంటున్నాడన్నమాట.

తెలుగులో ఈ మెలిక ఇంకా బిగువుగా ఉంది. 'ముందు రోజు' గడిచినది, 'ముందు ముందు' రాబోయేది. 'వెనకటి రోజులు' గతం, కానీ 'నా వెనక పుట్టినవాడు' నా తర్వాతివాడు. అయినా గతాన్నీ భవిష్యత్తునూ ఏ తెలుగువాడూ కలగలిపేసుకోడు. బలమైన వాదాన్ని పడగొట్టడానికి ఇదొక్కటి చాలు.

మాట నిజంగా పనిముట్టు అయ్యేది లెక్క దగ్గర. బ్రెజిల్‌లోని పిరహా భాషలో కచ్చితమైన అంకెలకు పేర్లు లేవు. పీటర్ గోర్డన్ 2004లో ప్రచురించిన పరీక్షల్లో వాళ్ళు రెండు మూడు వస్తువుల దాకా బాగానే సరిపోల్చి, అంకె పెరిగేకొద్దీ తడబడ్డారు. వస్తువులు కళ్ళముందే ఉంటే ఒకదానికొకటి జతపెట్టగలరని, దాచేసి గుర్తు తెచ్చుకోమంటేనే జారిపోతుందని 2008లో మరో బృందం తేల్చింది. ఏడు అన్న మాట తెలియనివాడికి ఏడు కనబడకపోదు, కానీ దాన్ని మోసుకెళ్ళడం కష్టమవుతుంది.

వాన పడింది, పడిందట, పడినట్టుంది

శాస్త్రీయ ఆలోచనకు దగ్గరగా వచ్చే సొమ్ము ఒకటి తెలుగు వ్యాకరణంలోనే ఉంది. 'వాన పడింది' అంటే ఆ మాటకు నాదే బాధ్యత. 'పడిందట' అంటే ఎవరో చెప్పారు. 'పడినట్టుంది' అంటే తడిసిన నేల చూసి ఊహిస్తున్నాను. మన పాత తర్కశాస్త్రమైన న్యాయదర్శనం ప్రత్యక్షం (స్వయంగా చూసినది), శబ్దం (ఒకరు చెప్పినది), అనుమానం (గుర్తును బట్టి ఊహించినది) అని చెప్పిన ప్రమాణాలకు ఇవి చాలా దగ్గరగా ఉన్నాయి. ఈ సంగతి నాకెలా తెలిసింది అన్న ప్రశ్నకు జవాబు క్రియ చివరే తగిలించి ఉంటుంది.

మరి ఇలాంటి భాషలవాళ్ళు పుకార్లను తక్కువగా నమ్ముతారా? 2015 డిసెంబర్ వరదల్లో, మొసళ్ళను పెంచే క్రొకొడైల్ బ్యాంక్ నుంచి మొసళ్ళు తప్పించుకున్నాయని చెన్నై అంతా పాకింది. అది అబద్ధమని ఆ సంస్థే చెప్పాల్సి వచ్చింది. అలాంటి వార్త తెలుగులో ఎలా నడుస్తుందో చూడండి. మొదటివాడు 'తప్పించుకున్నాయట' అంటాడు. విన్నవాడు టెన్షన్‌లో చుట్టాలకు మెసేజ్ పెట్టేటప్పుడు 'తప్పించుకున్నాయి, జాగ్రత్త' అని రాస్తాడు. ఒక్క అక్షరం జారిపోయింది, దాంతో ఆధారం లేదన్న సమాచారమూ పోయింది. తెలుగులో 'ట' పెట్టకపోయినా వాక్యం వాక్యమే, అదీ దాని బలహీనత.

టర్కిష్‌లో అలా కాదు. చూసిందా, విన్నదా అన్నది క్రియలో చెప్పకుండా జరిగినదాన్ని చెప్పడం కుదరదు. అక్కడ చేసిన ఒక పరిశోధనలో, పరోక్షంగా తెలిసినట్టు చెప్పిన సమాచారం ఆ భాషవాళ్ళకు తక్కువగా గుర్తుండడం కనబడింది. కొరియన్‌లోనూ ఇలాంటి ప్రత్యయాలున్నాయి. కానీ ఆన్నా పపఫ్రాగూ బృందం 2007లో చూసినప్పుడు, ఏ సంగతి ఎలా తెలిసిందో ఆలోచించడంలో కొరియన్ పిల్లలు ఇంగ్లీషు పిల్లల కంటే ముందున్నట్టు తేలలేదు. అంటే ప్రత్యయం గుర్తుచేస్తుంది, మన బదులు ఆలోచించదు. 'ట' అన్న తర్వాత వెళ్ళి సరిచూసుకునే పని ఏ వ్యాకరణంలోనూ లేదు. ఆ పని మొదలైన చోటే సైన్స్ మొదలవుతుంది.

వేడి ఒకటి కాదు, మూడు

హైదరాబాద్ బావగారు మేలో ఫోన్ చేసి, 'మాకిక్కడ నలభై రెండు, మీకు ముప్పై ఆరే కదా, అంత గోలేంటి?' అంటారు. చెన్నైలో ఉన్నవాళ్ళకు అది అన్యాయంగా వినిపిస్తుంది. ఇద్దరూ వేడి అనే అంటున్నారు, మాట్లాడుతున్నది వేరువేరు సంగతుల గురించి.

స్టీలు గ్లాసునూ చెక్క పీటనూ రాత్రంతా ఒకే గదిలో ఉంచి పొద్దున్నే తాకండి. స్టీలు చల్లగా, చెక్క మామూలుగా అనిపిస్తుంది. థర్మామీటర్ పెడితే రెండూ ఒకటే చూపిస్తాయి. మన చర్మం గదికంటే వెచ్చగా ఉంటుంది, స్టీలు ఆ వేడిని చేతి నుంచి గబగబా లాగేస్తుంది, చెక్క నెమ్మదిగా లాగుతుంది. చెయ్యి చెబుతున్నది వస్తువు ఉష్ణోగ్రతను కాదు, వేడి ఎంత వేగంగా కదులుతోందన్నది. అవే రెండూ మధ్యాహ్నం ఎండలో పెట్టి చూస్తే కథ తిరగబడుతుంది, స్టీలు చురుక్కుమంటుంది.

వేడి, ఉష్ణోగ్రత వేరని స్పష్టంగా విడదీసినవాళ్ళలో స్కాట్లండ్ శాస్త్రవేత్త జోసెఫ్ బ్లాక్ ముఖ్యుడు. 1760ల ప్రాంతంలో ఆయన, మంచు కరిగేటప్పుడు వేడి లోపలికి పోతూనే ఉన్నా ఉష్ణోగ్రత కదలదని చూపించాడు. నీరు ఆవిరయ్యేటప్పుడూ అంతే. లీటరు చెమట ఆవిరైతే ఒంటి నుంచి దాదాపు 2,400 కిలోజౌళ్ళ వేడి పోతుంది. అదే లీటరు నీళ్ళను 30 డిగ్రీల నుంచి మరిగే దాకా కాచడానికి 300 కిలోజౌళ్ళయినా పట్టవు. హైదరాబాద్ పొడిగాలిలో చెమట ఆరుతుంది, చెన్నై సముద్రపు గాలిలో కారుతుంది. కారిపోయిన చెమట ఒంటిని చల్లబరచదు. బావగారి థర్మామీటరూ నిజమే, మన ఉక్కా నిజమే.

మూడో వేడి బొప్పాయి వేడి, నువ్వుల వేడి. తిన్నవాళ్ళకు కలిగే ఫలితాన్ని బట్టి పదార్థాలను విడదీసే పాత పద్ధతి అది. థర్మామీటర్ చూపించలేదు కాబట్టి మూఢనమ్మకమని కొట్టేయడం సరికాదు, వేడి అన్న మాటే ఉంది కాబట్టి ఫిజిక్స్ దాన్ని బలపరుస్తోందనడం అసలే సరికాదు. ఫలానాది తింటే ఫలానాది జరుగుతుందన్న మాటను దానికదిగా పరీక్షించాలి.

పేరు పెట్టినంత మాత్రాన ఉన్నట్టు కాదు

శాస్త్రవేత్తలు కూడా మాటల్లో చిక్కుకుంటారు. వేడి అనేది ఒక సన్నని ద్రవమని, వస్తువుల్లోంచి వస్తువుల్లోకి పారుతుందని నమ్మి దానికి కెలోరిక్ అని పేరు పెట్టారు. లవోసియే 1789లో వేసిన మూలపదార్థాల పట్టికలో ఆక్సిజన్‌తో పాటు కెలోరిక్ కూడా ఉంది. 1798లో కౌంట్ రంఫర్డ్, ఫిరంగి గొట్టాలను తొలిచేటప్పుడు వేడి ఎంతకూ తరక్కుండా పుడుతోందని చూపి, లోపల దాగిన ద్రవమైతే ఎప్పుడో ఒకప్పుడు అయిపోవాలి కదా అని అడిగాడు. తర్వాతి శతాబ్దంలో జౌల్ కొలతలు దాని పని ముగించాయి. మనం ఇప్పటికీ వేడి 'పారుతుంది' అనే అంటాం.

దీని పక్కన మన నేల మీది కథ ఒకటి పెట్టి చూడాలి. 1868 ఆగస్టు 18న సంపూర్ణ సూర్యగ్రహణం. ఫ్రాన్స్ నుంచి జాన్సెన్ గుంటూరు వచ్చాడు. మద్రాసు వేధశాల నుంచి పోగ్సన్ మచిలీపట్నం వెళ్ళాడు, ఆ వేధశాలలోనే పనిచేసే చింతామణి రఘునాథాచారి వనపర్తి వెళ్ళాడు. సూర్యుడి అంచు వెలుగును విడదీసి చూసినప్పుడు ఒక పసుపు గీత కనబడింది. సోడియం వెలుగులోనూ అలాంటి పసుపు గీతలే ఉంటాయి కాబట్టి అది సోడియం గీతే అనుకోవడం తేలిక. అదే ఏడాది అక్టోబరులో ఇంగ్లండ్‌లో లాకియర్ సూర్యుణ్ణి చూసి, ఆ గీత సోడియం గీతల దగ్గరే ఉన్నా వాటి మీద పడటం లేదని గట్టిగా నిలబడ్డాడు. భూమ్మీద ఎవరూ చూడని ఆ పదార్థానికి హీలియం అని పేరొచ్చింది. చాలామంది నమ్మలేదు. 1895లో విలియం రామ్సే ఒక యురేనియం ఖనిజం నుంచి దాన్ని బయటికి తీశాడు.

కెలోరిక్‌కూ హీలియానికీ పుట్టినప్పుడు ఉన్నది పేరే. ఒకటి పరీక్షల్లో ఓడింది, ఒకటి నెగ్గింది. నెగ్గిన పేరులోనూ ఒక తప్పు ఊహ ఉండిపోయింది: లోహాలకు పెట్టే తోక తగిలించారు, తీరా చూస్తే అది వాయువు.

తెలుగు పుట్టుక మీద మద్రాసులో జరిగిన పరీక్ష

ఇదే చూపును భాష మీదికే తిప్పిన ఘట్టం మద్రాసులోనే జరిగింది. తెలుగు సంస్కృతం నుంచి పుట్టిందని అప్పటి పండితులు, దొరలు చాలామంది అనుకునేవారు. తెలుగులో సంస్కృత పదాలు అన్ని ఉన్నాయి కాబట్టి అది సహజంగానే తోచేది. 1812లో మొదలైన సెయింట్ జార్జి కోట కాలేజీలో ఫ్రాన్సిస్ వైట్ ఎల్లిస్ అనే కంపెనీ అధికారి, అక్కడి పండితుల సాయంతో ఆ నమ్మకాన్ని సరిచూశాడు. 1816లో వచ్చిన క్యాంప్‌బెల్ తెలుగు వ్యాకరణానికి ఆయన రాసిన పీఠికలో ఆ వాదన ఉంది. పని మొదలుపెట్టడానికి మన వైయాకరణులు ఎప్పుడో చేసిన విభజనే పనికొచ్చింది: తత్సమం, తద్భవం, దేశ్యం. అరువు మాటల్ని పక్కన పెట్టి, మిగిలిన ధాతువుల్ని తమిళ, కన్నడ ధాతువులతో పోల్చాడు.

మన చుట్టూ ఉన్న మాటలతోనే ఆ పద్ధతిని రుచి చూడొచ్చు. తెలుగు చెవి, కన్నడం కివి. తెలుగు చెరువు, కన్నడం కెరె. తెలుగు చేయి, కన్నడంలోనూ తమిళంలోనూ కై. ఒక జత కలిస్తే కాకతాళీయం అనొచ్చు. ఒకే అక్షరం ఒకే తీరున పదేపదే మారుతుంటే అది అరువు కాదు, చుట్టరికం. ఎన్ని మాటలు కలిశాయన్నది కాదు, ఏ మాటలు, ఏ క్రమంలో కలిశాయన్నది చూడాలి. ద్రావిడ భాషల మీద కాల్డ్వెల్ ప్రసిద్ధ గ్రంథం రావడానికి నలభై ఏళ్ళ ముందే ఈ పని జరిగింది.

అయితే సైన్స్ ఏ భాషలో నేర్చుకోవాలి?

చెన్నైలో తెలుగు పిల్లల తల్లిదండ్రులకు ఇది మామూలు ప్రశ్న కాదు. తమిళనాడు 2006 చట్టం దశలవారీగా తమిళాన్ని ఒక సబ్జెక్టుగా తప్పనిసరి చేసింది. 2020 జాతీయ విద్యావిధానం కనీసం ఐదో తరగతి దాకా మాతృభాషలో చెప్పడం మేలంటోంది. ఎక్కువమంది పిల్లలు చదివేది ఇంగ్లీషులో.

మాతృభాష వైపువాళ్ళు, తెలిసిన మాటల మీదే కొత్త భావం నిలబడుతుందంటారు. అది నిజమే, కానీ 'కిరణజన్య సంయోగక్రియ' ఇంట్లో ఎవరూ మాట్లాడే మాట కాదు. ఇంగ్లీషు వైపువాళ్ళు పుస్తకాలు, ఉద్యోగాలు అందులోనే ఉన్నాయంటారు. అదీ నిజమే, కానీ అది మార్కెట్ గురించిన వాదన, మెదడు గురించినది కాదు. రెండో భాషలో ఆలోచిస్తే నిర్ణయాల్లో కొన్ని పక్షపాతాలు తగ్గుతాయని బోవజ్ కైసర్ బృందం 2012లో చూపించింది. ఆ ఫలితం ఇంగ్లీషు గొప్పతనం గురించి కాదు, ఏదైనా నేర్చుకున్న భాష గురించి.

నవంబరులో బట్టలు ఎందుకు త్వరగా ఆరవని ఆరో తరగతి పిల్లను అడగండి. 'గాలిలో హ్యుమిడిటీ ఎక్కువ కదా, ఇంక నీళ్ళు పోవడానికి చోటు లేదు' అంటుంది. మూడు భాషల పిల్ల చెప్పిన మంచి జవాబు. ఇప్పుడు ఆ 'చోటు' దగ్గర ఆపాలి. గాలి నీటిని నింపుకునే పాత్ర కాదు, గాలి లేని డబ్బాలోనూ నీరు దాదాపు అంతే మేర ఆవిరవుతుంది. నీటి అణువులు బట్టలోంచి పోతూ ఉంటాయి, గాలిలోంచి తిరిగి వచ్చి పడుతూనే ఉంటాయి. ముసురు పట్టిన రోజు వచ్చేవి దాదాపు పోయేవాటితో సమానం. చోటు అన్న బొమ్మ ఇంగ్లీషు పుస్తకాల్లోనూ ఉంది, తెలుగు పుస్తకాల్లోనూ ఉంది. గాలి లేని డబ్బా గురించి అడిగేదాకా ఆ బొమ్మ తప్పని ఏ భాషలో చదివినా బయటపడదు.